ఎంతమంది పడ్డారు?

“ఎంతమంది పడ్డారు?” అని అడిగారు పెద్దాయన.

ఒక్కడే అన్నాను. ఎడిటింగ్ తెర మీద వెనక్కి తిప్పి మళ్ళీ చూపించమన్నారు. చూపించాను. ఇనుప పైపులతో కట్టిన పరంజా మీద నిలబడ్డ కూలీ ఒకడు కాలు జారి పడతాడు. ముందు నుంచి ఒకసారి, పక్క నుంచి ఒకసారి, నేల మీద నుంచి పైకి చూస్తున్నట్టు ఇంకొకసారి. మూడోసారికి గుండెలు అదిరేలా ఒక మోత. ఆయన కుడిచేతి వేళ్ళు ఒక్కొక్కటే మడిచి, తనకు ముగ్గురు కనిపించారని చెప్పారు. వెక్కిరిస్తున్నారేమోనని మొహంలోకి చూశాను. అలాంటిదేమీ లేదు. నిజంగానే లెక్క తేలక అడుగుతున్నారు. నాకు ఒళ్ళు మండిపోయింది.

ఎందుకంత మండిందో తెలియాలంటే నేను ఏ బడిలో చదువుకున్నానో చెప్పాలి. హైదరాబాదులో తొమ్మిదేళ్ళు టీవీ సీరియళ్ళు ఎడిట్ చేశాను. తొమ్మిది నిమిషాల సరుకు చేతిలో పెట్టి ఇరవై రెండు నిమిషాల ఎపిసోడ్ అడిగేవాళ్ళు. కోడలి చేతిలోంచి చెంబు జారితే ఆ చెంబు మూడుసార్లు కింద పడాలి. అత్త ఉలిక్కిపడాలి, మామ ఉలిక్కిపడాలి, ఏ సంబంధమూ లేని వంటమనిషి కూడా ఉలిక్కిపడాలి. సాగదీతగాడని నన్ను ఎగతాళి చేసినవాళ్ళు చాలామందే ఉన్నారు. కానీ ఆ సాగదీతకూ ఒక పనితనం ఉంది. ముఖ్యమైనదాన్ని మూడుసార్లు చూపించాలని మాకు ఎవరూ నేర్పక్కర్లేదు, సినిమాహాల్లో కూర్చుని పెరిగినవాళ్ళం. మనిషి ప్రాణం కంటే ముఖ్యమైనది ఏముంటుంది? అందుకే వాణ్ణి మూడుసార్లు పడేశాను.

2020 మొదట్లో దుబాయ్ వచ్చాను. వచ్చిన రెండు నెలలకే ఊరంతా తలుపులు బిగించుకుంది. తెరిచాక, అల్ కూజ్‌లో గోడౌన్ల మధ్య ఉన్న మా చిన్న ఆఫీసులో పని మళ్ళీ మొదలైంది. కంపెనీల ప్రచార చిత్రాలు, మాల్ ప్రకటనలు, కూలీలకు చూపించే భద్రతా చిత్రాలు చేసేవాళ్ళం. మా ముదీర్, అంటే మేనేజరు, ఈజిప్టు మనిషి. ఎడిటింగ్ ఎలా ఉందని అతను ఎప్పుడూ అడగడు, అయిందా లేదా అని మాత్రమే అడుగుతాడు. అయిందంటే ఖలాస్. ఆ పద్ధతికి నేను హాయిగా అలవాటుపడ్డాను. 2021 చివర్లో అతను ఈ జపాన్ పెద్దాయన్ని తీసుకొచ్చి నా పక్క కుర్చీలో కూర్చోబెట్టేదాకా నాకు దుబాయ్‌లో ఏ బాధా లేదు.

పెద్దాయనకు అప్పటికి అరవై ఎనిమిదేళ్ళు. కూతురు జెబెల్ అలీ ఫ్రీ జోన్‌లో ఉద్యోగం చేస్తుంటే ఆమె దగ్గర ఉందామని వచ్చారు. ఖాళీగా ఉండలేక పని వెతుక్కున్నారు. సరిగ్గా అప్పుడే మాకు ఒక కట్టడాల కంపెనీ నుంచి పది నిమిషాల చిత్రం వచ్చింది. ఎత్తు మీద పనిచేసే కూలీలు బెల్టు హుక్కు తగిలించుకోవాలని చెప్పే చిత్రం. పని జరిగే చోట మనుషులతో తీసింది సగం, కెమెరాతో తీయలేనిది బొమ్మలుగా గీయించింది సగం. బొమ్మల చిత్రాలూ మనుషుల చిత్రాలూ రెండూ ఎడిట్ చేసిన మనిషి దొరికాడని ముదీర్ మురిసిపోయాడు. నలభై ఏళ్ళ అనుభవం, దగ్గరుండి నేర్చుకో అని నాతో అన్నాడు. నలభై దాటిన నాకు ఆ మాట ఎలా తగులుతుందో అతనికి పట్టలేదు.

పెద్దాయన తన గురించి ఒక్కసారిగా చెప్పిన మనిషి కాదు. టీ గ్లాసుకు ఒక ముక్క చొప్పున విదిల్చేవారు, అదీ తడుముకుంటూ మాట్లాడే ఇంగ్లీషులో. నేను ఏరుకుని వరసలో పెట్టుకున్నది ఇది. పంతొమ్మిదో ఏట టోక్యోలో బొమ్మల చిత్రాలు ఎడిట్ చేసే గదిలో సహాయకుడిగా చేరారు. అక్కడి ఎడిటర్ ఒక స్త్రీ. తెల్లటి చేతితొడుగులు వేసుకుని ఆమె పక్కన పదకొండేళ్ళు ఫిల్ము కత్తిరించి అందిస్తూ గడిపారు. పిల్లల కోసం వారం వారం వచ్చే సీరియళ్ళట. ఆ మాట వినగానే నాకు ప్రాణం లేచొచ్చింది, ఈయనా మన బాపతే కదా అని. ఆ సంతోషం టీ చల్లారేదాకా కూడా నిలవలేదు.

వాళ్ళ దగ్గర బొమ్మ పూర్తిగా గీయకముందే ఎడిటింగ్ అయిపోతుందట. ఎడిటర్ ముందుకు పెన్సిల్ గీతలు వస్తాయి. కొన్నిసార్లు అవీ ఉండవు, ఇక్కడ అమ్మాయి వెనక్కి తిరుగుతుంది అని రాసిన ఖాళీ కాగితం మాత్రమే వస్తుంది. దాన్ని చూసి ఇది ఇరవై ఫ్రేములు, ఇది ముప్ఫై అని ఎడిటర్ తేల్చాలి. సెకనుకు ఇరవై నాలుగు ఫ్రేములు. తేల్చినంత మేరకే ఆ తర్వాత బొమ్మలు పూర్తి చేస్తారు. కాస్త ఎక్కువ అడిగితే ఎక్కడో ఎవరో నడుం వంచి మళ్ళీ గీయాలి. అందుకని అక్కడ ఎడిటర్లు ఊహలోనే కత్తిరిస్తారు. చెమటోడ్చి గీసిన బొమ్మను పారెయ్యడం పాపం కింద లెక్క. నలభై ఏళ్ళలో గీసిన బొమ్మను తాను పారేసింది లేదని ఆయన రెండుసార్లు చెప్పారు.

ముప్ఫై దాటాక ఆయన మనుషుల సినిమాల్లోకి వెళ్ళారు. మొదటి సినిమాకే దర్శకుడు ఎనభై గంటల ఫిల్ము తెచ్చి కుమ్మరించాడట. ఏది పారెయ్యాలో తెలియక నెలరోజులు చెయ్యి కదపలేదని, ఒకరోజు కూర్చుని ఏడ్చానని, వర్షం పడిందన్నంత మామూలుగా చెప్పారు. ఆ తర్వాత ఒక అలవాటు చేసుకున్నారు. తీసిందంతా చూడాలి. దర్శకుడు ఆపమని అరిచాక కూడా కెమెరా ఇంకాసేపు తిరుగుతుంది కదా, ఆ ముక్కలూ చూడాలి. అప్పటి నుంచి ముప్ఫై ఏళ్ళకు పైగా అటూ ఇటూ తిరిగారు. బొమ్మలవాళ్ళు ఆయన్ని సినిమా మనిషి అన్నారు, సినిమావాళ్ళు బొమ్మల మనిషి అన్నారు. చేపలు పట్టేవాళ్ళ మీద ఆయన ప్రాణం పెట్టి ఎడిట్ చేసిన సినిమా ఒక్క వారం ఆడిందట. సినిమాల్లోకి పోదామని వెళ్ళినచోటల్లా సీరియల్ మనిషివి కదా అనిపించుకున్నవాణ్ణి కనక, ఆ మాట దగ్గర నాకు ఆయన మీద జాలి కలిగింది. చిరాకు మాత్రం తగ్గలేదు.

ఎలా తగ్గుతుంది? ఆయన మెడలో తాడుకు ఒక స్టాప్‌వాచీ వేలాడుతుండేది. బొమ్మల చిత్రాలవాళ్ళు ఏ పని ఎంతసేపు పడుతుందో తామే నటించి చూసుకుంటారట. లిఫ్టు తలుపు మూసుకోవడం, షవర్మా చుట్టే మనిషి చేతులు, నేను విసుక్కునే నిట్టూర్పు, అన్నీ ఆయన కొలిచేవారు. అన్నిటికంటే నన్ను కలవరపెట్టింది వరండాలో ఆయన చేసే పని. కళ్ళు మూసుకుని, కుడిచెయ్యి పక్కకు చాచి, అలాగే నిలబడేవారు. కాసేపటికి ఎడమచేత్తో వాచీ నొక్కి, అంకె చూసి, తల ఊపి లోపలికి వచ్చేసేవారు. వారానికి రెండు మూడుసార్లు ఈ తంతు. దేనికని అడిగితే అలవాటు అనేవారు. పిచ్చి పట్టిందేమోనని ఇంట్లో చెబితే మా ఆవిడ నన్నే కోప్పడింది.

మా ఆవిడకు ఆ చిత్రం మీద నాకంటే ఎక్కువ పట్టింపు ఉంది. ఆమె తమ్ముడు, అంటే నా బావమరిది, సోనాపూర్ కూలీల క్యాంపులో ఉంటాడు. పరంజాలు కట్టడం, విప్పడం అతని పని. మాకు చిత్రం ఇచ్చింది అతను పనిచేసే కంపెనీయే. తల్లి పోయాక వాణ్ణి చంకనేసుకుని పెంచింది మా ఆవిడే. వాడు బెల్టు వేసుకుంటాడు కానీ హుక్కు తగిలించడు. పైపు పైపుకీ విప్పి తగిలించాలంటే ఆలస్యమవుతుందని వాడి వాదన. ఆదివారం భోజనానికి వచ్చినప్పుడల్లా అక్కాతమ్ముళ్ళకు దీని మీదే గొడవ.

“తగిలించుడు, విప్పుడు, మళ్ల తగిలించుడు. గట్ల చేస్తే పని ఎప్పుడైతది బావా?” అనేవాడు నన్ను పంచాయితీకి పిలుస్తూ. “కిందికెల్లి ఫోర్మెన్ యల్లా యల్లా అని మొత్తుకుంటనే ఉంటడు.”

వాడి జట్టులో ఒకతను పోయిన ఏడాది రెండో అంతస్తు నుంచి పడి నడుం విరిగి ఊరికి వెళ్ళిపోయాడు. అయినా వాడికి బుద్ధి రాలేదు. చిత్రం నా చేతికి వచ్చిందని తెలిసిన రోజు మా ఆవిడ చపాతీ పిండి కలుపుతూ చెప్పింది.

“నువ్వు గా కంపెనీ కోసం తియ్యకు. మా తమ్ముని తలకెక్కేటట్టు తియ్యి.”

అందుకే నేను మూడుసార్లు పడేశాను. వరంగల్‌లో ఒక చిత్రకారుడి చేత ఆ పడటాన్ని మూడు వైపుల నుంచీ బొమ్మలుగా గీయించాను. చూస్తున్నవాడి కడుపులో చెయ్యి పెట్టి తిప్పాలని నా తాపత్రయం. ఇదంతా తెలియని పెద్దాయన వేళ్ళు మడిచి ఎంతమంది పడ్డారని లెక్కపెడుతుంటే ఒళ్ళు మండదా? నాలుగు రోజులు వాదించుకున్నాం. వాదన అనడం కూడా తప్పే, అరిచింది నేను, తల ఊపింది ఆయన. చివరికి ముదీర్ వచ్చి చూశాడు. మోతకు కుర్చీలో ఎగిరిపడ్డాడు, అదిరిందన్నాడు. పెద్దాయన అభ్యంతరం చెప్పలేదు. కూలీలకు చూపించి చూద్దాం అన్నారంతే. ఆయన ఒప్పుకున్నట్టా కానట్టా అన్నది నాకు అర్థం కాలేదు.

2022 ఏప్రిల్‌లో ఒక ఆదివారం మధ్యాహ్నం సోనాపూర్‌లో క్యాంపు మెస్సు గోడకు తెల్లగుడ్డ కట్టి చూపించాం. భోజనాలు అయ్యాయి, రెండు వందల మంది దాకా స్టీలు బల్లల దగ్గర కూర్చున్నారు. మావాడు మూడో వరసలో ఉన్నాడు. హుక్కు ఎలా తగిలించాలో చెప్పే భాగం నడుస్తుంటే సగంమంది ఫోన్లు చూసుకున్నారు. ఫరవాలేదు, పడటం రానీ అనుకున్నాను. వచ్చింది. కూలీ ముందు నుంచి పడ్డాడు. పక్క నుంచి పడ్డాడు. కింది నుంచి కెమెరా పైకి లేచింది, మోత మోగింది. వెనక బల్లల నుంచి ఒక ఈల వచ్చింది. దాని వెనక ఇంకొకటి. ఆ వెంటనే మెస్సంతా ఈలలూ చప్పట్లూ. ఒకడు తలకు చుట్టుకున్న తువ్వాలు విప్పి గాలిలో తిప్పాడు.

నేనేం చేశానో అప్పుడు కళ్ళకు కట్టింది. మూడు వైపుల నుంచి మూడుసార్లు చూపించి మోత మోగిస్తే మావాళ్ళకు అది చావు కాదు, హీరో తెర మీదికి రావడం. వాళ్ళూ నేను కూర్చున్న హాళ్ళలోనే పెరిగారు. తొమ్మిదేళ్ళ పనితనం పెట్టి ఒక మనిషి చావుకు ఈలలు వేయించాను. చూపించడం అయ్యాక మావాడు బల్లల మధ్య నిలబడి ముందుకు ఒకసారి, పక్కకు ఒకసారి, వెల్లకిలా ఒకసారి పడి చూపించాడు. చుట్టూ ఉన్నవాళ్ళు పడీపడీ నవ్వారు.

“మస్తున్నది బావా. మావోళ్ళు వాన్ని హీరో అంటున్నరు,” అన్నాడు నా దగ్గరికొచ్చి.

పెద్దాయన ఒక మూల కూర్చుని ఈలలు ఎంతసేపు వచ్చాయో కొలిచారు. తిరిగి వచ్చేటప్పుడు కారులో నాకు ఆ అంకె చెప్పారు. పంతొమ్మిది సెకన్లు. ఆ క్షణంలో ఆ స్టాప్‌వాచీ లాక్కుని కిటికీలోంచి విసిరెయ్యాలనిపించింది. ముదీర్ అంతకంటే ఘోరం. కూలీలకు నచ్చింది, చప్పట్లు కొట్టారు, ఇంకేం కావాలి, ఖలాస్ అన్నాడు. నా ఎడిటింగ్ బాగా లేదని నేనే అతనితో రెండు రోజులు పోట్లాడాల్సి వచ్చింది. నన్ను వింతగా చూసి, కంపెనీవాళ్ళు ఇంకొక్కసారి చూస్తామంటేనే అని చివరికి వారం గడువు ఇచ్చాడు. ఇంట్లో మా ఆవిడ రెండు రోజులు నాతో సరిగా మాట్లాడలేదు.

మూడో రోజు పొద్దున వెళ్ళి పెద్దాయన ముందు కూర్చున్నాను. నేను చెప్పానా అని ఆయన ఒక్క మాట అంటే బాగుండేది, నాకూ తిరిగి అనడానికి వీలు దొరికేది. అనలేదు. తీసిందంతా చూద్దాం అన్నారు. ఏడు గంటల సరుకు. నేను ముందే చూసి, పనికొచ్చేది పక్కన పెట్టి, మిగతాదాని మీద వేస్టు అని రాసిపెట్టినది. ఆయన ఆ వేస్టుతోనే మొదలుపెట్టారు. కెమెరా ముందుకు అడ్డం వచ్చినవాళ్ళు, చెమట తుడుచుకునేవాళ్ళు, మైకు సర్దే చేతులు. రెండో రోజు మధ్యాహ్నానికి నాకు తల పగిలిపోతోంది. అప్పుడు ఆయన ఆపమన్నారు.

పరంజా మీద నటించిన ఇద్దరూ నిజం కూలీలే. ఒకడు బోల్టు బిగించి, పక్కవాడి వైపు చూడకుండానే పానా అందిస్తున్నాడు. పక్కవాడు నీళ్ళు తాగడానికి దిగిపోయిన సంగతి వాడికి తెలియదు. పానా పట్టుకున్న చెయ్యి అలా గాల్లో ఉంది. పక్కన పలక ఖాళీ. చాలాసేపటికి వాడు తల తిప్పి చూసి నవ్వేశాడు. దర్శకుడు ఆపమన్నాక కెమెరా పట్టుకున్న ముక్క అది. ఆ తల తిప్పకముందు దాకా వాడుకుందాం అన్నారు పెద్దాయన. పక్కవాడు హుక్కు విప్పే దగ్గర కత్తిరించి, నేరుగా ఈ చెయ్యి. మధ్యలో ఏమీ వద్దు, పడటం వద్దు అన్నారు.

అప్పుడు బొమ్మలు పారెయ్యాలి కదా అన్నాను. వంద దాటిన బొమ్మలు, అన్నీ రంగులు వేసి పూర్తయినవి. ఆయన వాటిని మొదటి నుంచి చివరి దాకా ఒక్కొక్కటే తెర మీద పెట్టించుకుని చూశారు. వరంగల్ చిత్రకారుడి పేరు అడిగి, నాలుగుసార్లు పలికి సరిచూసుకుని, క్షమాపణ చెబుతూ తన పేరుతో ఉత్తరం రాశారు. ఆ తర్వాతే తన చేత్తో తీసేశారు. నలభై ఏళ్ళలో మొదటిసారి అని నాకు గుర్తుంది.

మళ్ళీ గొడవ ఆ చెయ్యి దగ్గరే. గాల్లో చెయ్యి ఎనభై ఎనిమిది ఫ్రేములు ఉండాలన్నారు. అంటే మూడున్నర సెకన్లకు పైమాటే. తెర మీద ఏమీ జరగకుండా అంతసేపా? సాగదీతగాడిగా పేరుపడ్డ నేనే భరించలేకపోయాను. నలభై చాలన్నాను. యాభై అన్నాను. సంగీతం పెడదామన్నాను. పోనీ ఆ కూలీ మొహం ఒక్కసారి చూపిద్దామన్నాను. అన్నిటికీ తల ఊపి, ఎనభై ఎనిమిది అన్నారు. తొంభై ఎందుకు కాదని ఎకసెక్కంగా అడిగాను. ఎనభై ఎనిమిదే కాబట్టి అన్నారు. కుర్చీ తన్ని బయటికి పోయాను. వరండాలో నిలబడి ఎంతసేపు తిట్టుకున్నానో ఆయన కొలిచే ఉంటారు.

తర్వాతి ఆదివారం అదే మెస్సు, అవే బల్లలు. ఈలలు వేద్దామని సిద్ధంగా కూర్చున్నారు. పరంజా మీద ఒకడు హుక్కు విప్పాడు. చెయ్యి వచ్చింది. పానా గాల్లో ఆగింది. ఎవరో చిన్నగా నవ్వారు. చెయ్యి ఇంకా అలాగే ఉంది. వెనక నుంచి తెలుగులో, “తీస్కో రా,” అని ఒక గొంతు వినిపించింది. ఇంకెవరో హిందీలో అదే అన్నారు, పట్టుకోరా అని. చెయ్యి ఇంకా అలాగే ఉంది. ఆ తర్వాత ఎవరూ ఏమీ అనలేదు. తెర నల్లబడి, హుక్కు తగిలించుకోమనే అక్షరాలు వచ్చాయి. చప్పట్లు లేవు. మావాడు నా వైపు చూడకుండా లేచి, పళ్ళెం తీసుకుని, కుళాయి దగ్గరికి వెళ్ళిపోయాడు. పని చెడిందనే అనుకున్నాను. కంపెనీవాళ్ళకు మాత్రం చిత్రం అర నిమిషం తగ్గడం బాగా నచ్చింది, వెంటనే తీసుకున్నారు. మనం దేనికి ప్రాణాలు పెడతామో, ఎదుటివాళ్ళు దేనికి మెచ్చుకుంటారో చూస్తే విరక్తి పుడుతుంది.

తిరుగు దారిలో కారు నేను నడుపుతున్నాను. ఎనభై ఎనిమిది ఎందుకని మళ్ళీ అడిగాను, ఈసారి ఎకసెక్కం లేకుండా. పెద్దాయన టోక్యోలోని తన గురువు గురించి చెప్పారు. ఆమె కుడిపక్కన కూర్చునేదట. తాను ఫిల్ము ముక్క కత్తిరించి, చూడకుండానే పక్కకు చాస్తే ఆమె అందుకునేది. పదకొండేళ్ళు రోజూ అంతే. ఒక సాయంత్రం ఆమెను ఆసుపత్రిలో చేర్చారు. మర్నాడు పొద్దున ఆ సంగతి తెలిసి కూడా పనిలో పడి చెయ్యి చాచారట.

“ఆ రోజు ఎంతసేపు పట్టుకున్నానో కొలవలేదు. అప్పటి నుంచి కొలుస్తూనే ఉన్నాను,” అన్నారు.

ఆమె మళ్ళీ రాలేదట. వరండాలో కళ్ళు మూసుకుని నిలబడే మనిషి నా కళ్ళ ముందు మెదిలాడు. ఎనభై ఎనిమిది అక్కడ తేలిన అంకె. నాకు ఏడుపు రావాల్సింది, కోపం వచ్చింది. ఈ ముక్క ముందే చెప్పి ఉంటే నేను అన్ని రోజులు అరిచేవాణ్ణా? అదే ఆయనతో అన్నాను. చెబితే మీరు జాలితో ఒప్పుకునేవారు, చూసి ఒప్పుకోవాలి కదా అన్నారు. నేను ముందు పోతున్న లారీకి హారన్ కొట్టాను. ఆయన ఇంకో రెండేళ్ళు మాతో పనిచేసి, కూతురికి బదిలీ అయితే వెళ్ళిపోయారు. ఆ రెండేళ్ళూ నన్ను ఇలాగే వేపుకు తిన్నారు.

బావమరిది రెండు వారాలు మా ఇంటికి రాలేదు. ఓవర్‌టైమ్ అన్నాడు. మూడో ఆదివారం వచ్చాడు. తిన్నాక మా ఆవిడ కాసేపు నడుం వాల్చింది. టీ పెట్టడం నా వంతు. మా వంటిల్లు ఇద్దరు పట్టనంత ఇరుకు, అందుకని గ్లాసులో పోసి వెనక్కి తిరగకుండానే గుమ్మంలోకి చాస్తాను, వాడు అందుకుంటాడు. ఎప్పుడూ అంతే. ఆ రోజూ పొయ్యి చూస్తూ గ్లాసు వెనక్కి చాచాను.

ఎవరూ అందుకోలేదు.

వేళ్ళు కాలుతున్నాయి. తెలియకుండానే లోపల లెక్క మొదలైంది. ఇరవై నాలుగు. నలభై ఎనిమిది. డెబ్బై రెండు దాటేసరికి గిర్రున తిరిగాను. సగం టీ నా చేతి మీదే ఒలికింది. వాడు గుమ్మానికి ఆనుకుని, చేతులు వెనక్కి కట్టుకుని, నన్నే చూస్తున్నాడు. నవ్వుతున్నాడేమో అనుకున్నాను, నవ్వడం లేదు.

“భయమైందా బావా?”

బుద్ధి ఉందారా నీకు అన్నాను.

“నాకు సుత గట్లనే అయింది. మొన్న బుధవారం పన్నెండో అంతస్తు మీద పక్కోనికి పానా ఇచ్చిన, చూడకుంట. వాడు అందుకోలె. మీ సినిమల చెయ్యే కనవడ్డది కండ్ల ముంగట. తిరిగి చూసేతందుకు ధైర్యం చాలలె. ఆఖరికి చూస్తే వాడు హుక్కు తగిలించుకుంటున్నడు, గంతే. గందుకే చెయ్యి ఖాళీ లేదు వానికి.”

మరి నువ్వు అని అడిగాను.

“గా పొద్దటి సంది తగిలిస్తున్న. అక్కకు చెప్పకు, నేనే చెప్తా.”

నేను వాణ్ణి తిట్టిన తిట్లకు మా ఆవిడ లేచి వచ్చింది. ఏమైందని అడిగింది. ఇద్దరం ఏమీ లేదన్నాం. గ్లాసులో మిగిలిన సగం టీ ఇంకా నా చేతిలోనే ఉంది. మళ్ళీ చాచాను, ఈసారి వాడి మొహం చూస్తూ. వాడు రెండు చేతులతో అందుకున్నాడు.